వకీలు గౌనులో బాబాసాహెబ్
(సిద్దిపేటలో యువత సమావేశంలో సంఘం తరఫున చేసిన ప్రసంగ పాఠం)



అంబేద్కర్ విగ్రహం అనగానే మనకు చౌరస్తాలో నీలి కోటు, చాచిన చూపుడు వేలు గుర్తుకొస్తాయి. 2023 ఏప్రిల్ 14న హైదరాబాద్‌లో ఆవిష్కరించిన 125 అడుగుల విగ్రహం గురించీ మనందరికీ తెలుసు. అదే ఏడాది నవంబర్ 26న, రాజ్యాంగ దినోత్సవం నాడు, ఢిల్లీలో సుప్రీంకోర్టు ఆవరణలో ఇంకో విగ్రహం నిలబెట్టారు. ఎత్తు ఏడడుగులు. శిల్పి నరేశ్ కుమావత్. అందులో బాబాసాహెబ్ వకీలు గౌను వేసుకొని, చేత రాజ్యాంగం పట్టుకొని ఉంటారు.

దాన్ని ఆవిష్కరించింది ద్రౌపదీ ముర్ము గారు. సంతాల్ ఆడబిడ్డ, ఆదివాసుల నుంచి వచ్చిన తొలి రాష్ట్రపతి. అంతకు ఏడాది ముందు, అదే రోజున, అదే సుప్రీంకోర్టు కార్యక్రమంలో ఆమె న్యాయమూర్తుల ముందు జైళ్లలో మగ్గుతున్న పేదల గురించి మాట్లాడారు. చిన్న కేసుల్లో లోపలికి పోయి, హక్కులు తెలియక, విడిపించే దిక్కులేక ఏండ్లు గడుపుతున్న వాళ్ల గురించి అడిగారు. ఆ మాటనూ ఈ విగ్రహాన్నీ మనం కలిపి చూడాలి.

ఆ గౌను అలంకారం కాదు. 1927లో మహాడ్‌లో చవదార్ చెరువు నీళ్ల కోసం బాబాసాహెబ్ వేలమందితో కదిలారు. ఎదుటివాళ్లు ఆయన మీదే దావా వేశారు. బొంబాయి హైకోర్టు తీర్పు ఆయన వైపు వచ్చేసరికి 1937 అయింది. చెరువు దాకా నడవడానికి ధైర్యం కావాలి. పదేండ్లు కోర్టులో నిలబడడానికి చదువు, కాగితం, ఓపిక కావాలి.

మన తండాల్లో పాసుపుస్తకంలో పేరు తప్పు పడ్డా, రిజర్వాయర్ కింద భూమి పోయినా, ఠాణాకు పిలిచినా మొదటి మాట ఒకటే: వకీలుకు పైసలెక్కడివి? 1987 న్యాయసేవల చట్టం 12వ సెక్షన్ కింద షెడ్యూల్డ్ తెగల వాళ్లకు ఉచిత న్యాయసాయం ఉంది. ఆదాయం లెక్క చూడరు. మహిళలకు, పిల్లలకు, జైల్లో ఉన్నవాళ్లకు కూడా అంతే. జిల్లా న్యాయసేవాధికార సంస్థలో దరఖాస్తు పెట్టాలి. 15100కు ఫోన్ చేసినా దారి చెప్తారు. అరెస్టయిన మనిషిని ప్రయాణ సమయం పోను 24 గంటల్లో మేజిస్ట్రేట్ ముందుకు తీసుకురావాలని, నచ్చిన వకీలును పెట్టుకోవచ్చని రాజ్యాంగం 22వ అధికరణం చెప్తుంది.

మేము అడిగేవి రెండే. ఈ సంగతులు తెలిసిన ఇద్దరు పిల్లలు ప్రతి తండాలో ఉండాలి. డిగ్రీ అయినవాళ్లు మూడేండ్ల కోర్సుకు, ఇంటర్ అయినవాళ్లు ఐదేండ్ల కోర్సుకు లాసెట్ రాయాలి. ఏప్రిల్ 14న దండ వేద్దాం, తెల్లారి పుస్తకం తెరుద్దాం. కోర్టు మెట్ల మీద గోర్‌బోలిలో పలకరించే వకీలు ఎదురైన నాడు మన యాడీ, బాపులకు సగం భయం అక్కడే పోతుంది.

జై సేవాలాల్. జై భీమ్.