వేరుసెనగ పాకపు బిస్కత్తులు



పెద్దలకు తినుబండారముల ముచ్చట యేల యని మీలో కొందరు అనుకొనవచ్చును. కాని నేడు నేను చెప్పబోవు తినుబండారమునందు మన పొలముల పంటలు మూడు చేరియున్నవి: వేరుసెనగ, చెరకు, కోకో. ఆ మూటి మంచిచెడ్డలును దాని తునుక నొకదానిని నోట వేసికొనినంతనే బయటపడును. అందుచేత పంట పండించువారును, పంటల విషయమున నలుగురికి బుద్ధి చెప్పువారును అగు మీతోనే ఈ మాట ముచ్చటించుట తగునని తోచినది.

ఈ బిస్కత్తుకు మూడు అంతస్తులు. అడుగున వెన్న కలిపి కాల్చిన గుల్లబిస్కత్తు, దానిపై వేరుసెనగపప్పు కలిపిన సాగుడు పాకము, ఆ పైన చాక్లెటు పూత. స్కాట్లండు దేశమున వెన్నబిస్కత్తుపై పాకమును, చాక్లెటును పోసి ముక్కలుగా కోసికొని తినుట వాడుక. దానికి వారు 'మిలియనీరు షార్ట్‌బ్రెడ్' అని పేరు పెట్టిరి. ధనవంతుని బిస్కత్తు అని భావము. 1930లో అమెరికాయందు వేరుసెనగ, పాకము, చాక్లెటు కలిసిన స్నికర్స్ అను మిఠాయియు, 1967లో ఇంగ్లండునందు బిస్కత్తుపై పాకము పోసి చాక్లెటు పూసిన ట్విక్స్ అను మిఠాయియు వెలసినవి. నేడు ఇట్టివి మన పల్లెటూరి అంగళ్లలో రంగుల పొట్లములలో వ్రేలాడుచున్నవి. మనుమలు కొని తినుచున్నారు. తాతలు డబ్బు లిచ్చుచున్నారు. అందేమి యున్నదో ఇరువురును విచారించుట అరుదు.

వేరుసెనగయు, కోకోయు ఒకే పుట్టినింటి ఆడపడుచులు. రెండును దక్షిణ అమెరికా ఖండమున పుట్టినవే. వేరుసెనగ సముద్రములు దాటి వచ్చి, అనంతపురము ఎర్రనేలలలో పాదుకొని, మన ఇంటి పంటయే యైనది. కోకో మన తోటలకు వచ్చి ఎక్కువ కాలము కాలేదు. పశ్చిమ గోదావరి, ఏలూరు, తూర్పు గోదావరి జిల్లాలలో కొబ్బరితోటల నీడను, ఆయిల్‌పామ్ తోటల నీడను నేడు కోకోచెట్లు పెరుగుచున్నవి. భారతదేశమున కోకో పంటలో ఆంధ్రప్రదేశమే మొదటి స్థానమున నున్నది. 1753లో లిన్నేయసు అను పండితుడు ఈ చెట్టునకు 'దేవతల ఆహారము' అను అర్థము వచ్చునట్లు పేరు పెట్టెను. ఆ దేవతల ఆహారమును పండించు రైతు ఇంట దాని రుచి తెలిసినవారు ఎందరున్నారు? ఇదియే నా ప్రశ్న.

పూర్వము మెక్సికో దేశపువారు కోకోగింజలను నూరి పానీయముగా త్రాగెడివారు. ఆ గింజలనే నాణెములుగా చెల్లించెడివారు. 1828లో హాలెండు దేశమున వాన్ హౌటెన్ అనువారు గింజలనుండి వెన్నను పిండి తీయు మరను కనుగొనిరి. 1847లో ఇంగ్లండునందలి బ్రిస్టలు నగరమున ఫ్రై అను సంస్థవారు ఆ వెన్నను కోకోపొడితోను, చక్కెరతోను కలిపి, తినుటకు వీలగు గట్టి చాక్లెటును చేసిరి. 1875లో స్విట్జర్లండునందు డేనియల్ పీటరు పాలు చేర్చెను. త్రాగుడు వస్తువు తినుడు వస్తువైన కథ యిది.

అయితే ఎంత గొప్ప మర యున్నను, తోటలో జరుగవలసిన పని జరుగనియెడల రుచి రాదు. కాయను పగులగొట్టి తీసిన గింజలను గుజ్జుతో కూడ పెట్టెలలో పోసి, అరటియాకులు కప్పి, నడుమ నడుమ తిరుగవేయుచు అయిదారు దినములు పులియబెట్టవలెను. ఆ వేడిలో గింజ లోపలి చేదును వగరును తగ్గి, చాక్లెటు వాసనకు మూలమేర్పడును. పిమ్మట ఎండలో తేమ నూటికి ఏడు పాళ్లకు దిగువరకు ఆరబెట్టవలెను. తొందరపడి పులియనీయక ఎండబెట్టిన గింజ చూపునకు గింజయే గాని, వేయించినను చాక్లెటు వాసన నీయదు. మంచి చాక్లెటును ఒక్కమారు రుచి చూచిన రైతునకు ఈ అయిదు దినముల విలువ ఎవరును చెప్పనక్కరలేదు.

వేరుసెనగకును ఇట్టి నియమమే కలదు. 1960లో ఇంగ్లండున వేలకొలది సీమకోళ్లు చచ్చిపోగా, కారణము విచారించి, బూజు పట్టిన వేరుసెనగపిండిలోని విషమని తేల్చిరి. దానికి అఫ్లటాక్సిన్ అని పేరు. అది కాలేయమును చెరచును. వేయించినంతమాత్రమున పూర్తిగా పోదు. కావున బూజు సోకిన పప్పును, రంగు మారిన పప్పును, ముడుచుకొనిన పప్పును ఏరి పారవేయవలెను. అమ్ముడుపోని తాలుపప్పు పిల్లల తినుబండారములకు సరిపోవునను మాట మన ఇండ్లలో వినబడరాదు.

ఇక పాకము. ఈ విద్య మన ఆడువారికి కొత్తది కాదు. కాజాలకు తీగపాకము, అరిసెలకు ఉండపాకము, వేరుసెనగ అచ్చులకు ముదురుపాకము పట్టుదురు. పాకములోని నీరు తగ్గిన కొలది దాని వేడి హెచ్చును. ఉండపాకము సుమారు 118 డిగ్రీల వేడియందు వచ్చును. ముదురుపాకము 150 డిగ్రీలకు దగ్గరగా వచ్చును. దానిని నీటిలో వేసి తీసి పళ్లెముపై కొట్టిన టంగున మ్రోగును. మన అచ్చు పటుక్కున విరుగుటయు, ఈ పాకము సాగుటయు ఈ భేదమువలననే. మరియు ఇందు వెన్నయు, మీగడయు చేరుటచేత చక్కెర పలుకులు కట్టదు. కోవా ఎర్రబడునప్పుడు వచ్చు కమ్మని వాసనయే ఇందును వచ్చును. పాలలోని మాంసకృత్తులు చక్కెరతో కలిసి కాగుటయే దానికి కారణము. ఇందు బెల్లము వేయరాదు. బెల్లము చేరిన కాగుపాలు విరుగునని పరమాన్నము వండువారందరు ఎరుగుదురు.

చేయు విధము చెప్పెదను. మజ్జిగ లేకుండ పిండిన వెన్న 200 గ్రాములు, చక్కెరపొడి 100 గ్రాములు కలియగిలకొట్టి, మైదాపిండి 300 గ్రాములు, చిటికెడు ఉప్పు చేర్చి ముద్ద చేయవలెను. అంచుగల పళ్లెములో వ్రేలెడు మందమున పరచి, పుల్లతో అక్కడక్కడ గ్రుచ్చవలెను. దళసరి గిన్నె అడుగున ఇసుక పోసి, బాగుగా కాగిన పిమ్మట ముక్కాలిపై పళ్లెముంచి, మూత వేసి, సన్నని మంటపై అరగంటకు పైగా కాల్చవలెను. అంచులు లేత బంగారువన్నెకు రాగానే దింపవలెను.

వేరుసెనగపప్పు 200 గ్రాములు దోరగా వేయించి, పొట్టు నలిపి, చేటతో చెరిగి, బద్దలు చేసికొనవలెను. మందపాటి మూకుడులో చక్కెర 200 గ్రాములు నీరు లేకుండ కరగించి, తేనెవన్నె రాగానే దింపి, వెన్న 80 గ్రాములును, వెచ్చని మీగడ అరగిద్దెడును కొంచెము కొంచెముగా పోయవలెను. అప్పుడది బుస్సున పొంగును. పిల్లలను దరికి రానీయరాదు. పాకపు కాలుడు నీటి కాలుడు కంటె ఘోరము. మరల పొయ్యిపై నుంచి త్రిప్పుచు, ఒక చుక్క చన్నీటిలో వేసి చూడవలెను. వ్రేళ్ల నడుమ ఉండయై, నొక్కిన నొక్కుడుపడు పాకమే తగినది. వెంటనే పప్పు కలిపి, బిస్కత్తుపై పరచి, గోరువెచ్చగా నున్నప్పుడే ముక్కలు కోయవలెను.

చాక్లెటు 200 గ్రాములు తరిగి, అందు మూడవవంతు విడిగా నుంచి, తక్కినదానిని వేడినీటిపై నుంచిన గిన్నెలో కరగింపవలెను. ఒక్క నీటిచుక్క పడినను అది గట్టిపడి చెడును. దింపిన పిమ్మట మిగిలిన తరుగు కలిపి త్రిప్పిన చల్లారి, పూతకు నిగనిగయు, విరుపును వచ్చును. అందు ముక్కలను ముంచి తీసి, వెన్నకాగితముపై ఆరనీయవలెను. కోకోవెన్న 34 డిగ్రీలలో కరగును. కావున మన వేసవిలో ఈ పని పెట్టుకొనరాదు. మార్గశిర పుష్యమాసములే తగిన కాలము.

తినునప్పుడు తొందర వలదు. మన నోటి వేడి 37 డిగ్రీలకు దగ్గర గనుక మొదట చాక్లెటు తనంత కరగును. పిదప బిస్కత్తు గుల్లవిచ్చును. పాకము పంటిని పట్టుకొని సాగును. తుదకు వేరుసెనగ కమ్మదనము నిలుచును. కదలుపండ్లు గలవారు చిన్న ముక్కలు చేసికొనవలెను. మధుమేహము గలవారు రుచి చూచి విరమించుట మేలు. అయిదేండ్లలోపు పిల్లలకు పప్పుబద్దలు గొంతున అడ్డుపడవచ్చును. వారికి పప్పు పొడి చేసి కలుపవలెను. వేరుసెనగ పడనివారికి పెట్టనే రాదు. తిన్న తరువాత నోరు పుక్కిలింపవలెను.

2024లో ప్రపంచపు విపణిలో కోకో ధర టన్నుకు పదివేల డాలర్లు దాటి, మరల దిగజారినది. ఆ ధర మన చేతిలో లేదు. కాని గింజను పులియబెట్టుట, ఆరబెట్టుట, పప్పును ఏరుట మన చేతిలోనే యున్నవి. గోదావరి గింజలతోనే హైదరాబాదు నగరమున నేడు మేలైన చాక్లెటు చేయుచున్నారు. వస్తువును రుచి చూచినవాడే దాని గుణమును గూర్చి బేరమాడగలడు. రుచి యెరుగనివాడు ఎదుటివాడు చెప్పిన మాటకు తలయూపవలసినదే. కావున ఈ చలికాలమున మీ ఇంట నొకమారు ఈ బిస్కత్తులు చేయించి, తోటలో కాయలు కోయు కూలివారికిని, కాయలొలిచిన ఆడువారికిని తలకొక ముక్క పెట్టుడు. తమ చేతి కష్టము ఏ రుచియై తేలుచున్నదో వారును తెలిసికొందురు.