కోలారు గనులలో మనవారు



జాతివివక్ష అనగానే మనకు దక్షిణాఫ్రికా జ్ఞాపకం వస్తుంది. అంత దూరం పోనక్కరలేదు. చిత్తూరు జిల్లా సరిహద్దు దాటితే కోలారు బంగారు గనులున్నవి. 1880లో జాన్ టేలర్ కంపెనీవారు అక్కడ ప్రవేశించిన పిమ్మట చిత్తూరు, ఉత్తర ఆర్కాటు, సేలం పల్లెల నుండి వేలాదిమంది కూలికి తరలిపోయారు. వారిలో హెచ్చుమంది అంటరానివారనబడిన దళితులు. ఊరి బావిలో నీరు తోడనివ్వనిది తెల్లదొరలు కారు, మన ఊరి పెద్దలే. రొక్కంగా కూలి ముట్టి, ఆసామి గడప ముందు చేతులు కట్టుకొని నిలువనక్కరలేని బ్రతుకు వారికి చిన్న సంగతి కాదు.

అయితే అక్కడ మరో మెట్లవరుస ఎదురైంది. పైన ఐరోపావారు, నడుమ ఆంగ్లో ఇండియన్లు, అడుగున మనవారు. ఇంగ్లండులోని కార్న్‌వాల్ నుండి వచ్చినవారు కూడా గని పనివారే. తమ దేశంలో కూలీలు, ఇక్కడ దొరలు! వారికి బంగళాలు, క్లబ్బులు. మనవారికి 'లైన్లు' అనే వరుసలలో తడికల గుడిసెలు. గనిలోనుండి పైకి వచ్చిన కూలీని నిలబెట్టి ఒళ్లంతా సోదా చేసేవారు. బంగారం పోయిందంటే అనుమానం ఎవరి మీదికి పోవాలో చర్మపు రంగే నిర్ణయించేది.

1930లో కూలీలందరి వేలిముద్రలు తీసుకోవాలని కంపెనీ తలపెట్టింది. వేలమంది పని మానివేశారు. కూలి చాలక మొదలైన సమ్మె కాదది. వేలిముద్రలు నేరస్థులకు గదా, మాకెందుకన్నదే వారి ప్రశ్న. నిరక్షరాస్యులని లోకం తీసిపారవేసినవారు అడిగిన ప్రశ్న ఇది. మన చరిత్ర పుస్తకాలలో దీనికి తగిన చోటు దొరకలేదనే మనం భావిస్తున్నాము.

ఆ గనులు మూడువేల మీటర్ల లోతు దాటినవి. ఒత్తిడికి బండ ఉన్నట్టుండి పేలిపోవడాన్ని అక్కడివారు 'ఎయిర్ బ్లాస్ట్' అంటారు. ఆ చీకటిలో తమిళుడా, తెలుగువాడా అని అడిగి చేయి అందించడం కుదరదు.

1956లో గనులు మైసూరు ప్రభుత్వపరమైనవి. దొరలు వెళ్లిపోయారు. 2001 ఫిబ్రవరి 28న గనులే మూతపడినవి. కార్మికుల బిడ్డలు, మనుమలు ఎక్కడికి పోవాలి? తాతలు విడిచి వచ్చిన పల్లెలో సెంటు భూమి లేదు. పుట్టి పెరిగిన కన్నడ సీమలోనో, పరాయి భాషవారన్న మాట తప్పలేదు. నేటికీ ఎందరో తెల్లవారకముందే మారికుప్పంలో బెంగుళూరు రైలెక్కి పనికి పోయి, రాత్రికి ఆ లైన్లకే తిరిగి వస్తున్నారు.