ప్రాతయినుమునకు క్రొత్తనడక



మా తండ్రిగారు కొన్న గోడగడియారమొకటి మా యింట పండ్రెండేండ్లుగా మూగవడియున్నది. మొన్న నా మనుమడు దానిని దించి, "తాతయ్యా! దీని చక్రములతో పురివిప్పెడి నెమలిని చేసెదను" అనెను. పితృవస్తువును ముక్కలు చేయుదువా యని గద్దించితిని. వాడు తలవంచుకొని వెడలిపోయెను. నా కోపము న్యాయమైనదేనా యను శంక నన్ను విడువలేదు.

ఇట్టి శిల్పములు చేసి కీర్తిగన్నవాడు స్విట్జర్లాండు దేశీయుడగు ఝాన్ టాంగ్లీ (1925-1991). అతడు 1960 మార్చి 17వ తేదీన న్యూయార్కు ఆధునిక కళాప్రదర్శనశాల యుద్యానమున సైకిలుచక్రములు, ప్రాత పియానో, స్నానపుతొట్టి మున్నగువానితో నొక మహాయంత్రమును నడిపెను. తన్ను తాను ధ్వంసము చేసికొనుటయే దాని పని. అర్ధగంటలోపుననే మంటలంటుకొని యది కూలినది. ఇది నాకు రుచింపలేదు. కాని 1977లో అతడే బాసెల్ నగరమున, కూల్చివేసిన నాటకశాల యుండిన తావున, ఆ రంగస్థలపు యంత్రభాగములతోనే జలయంత్రములను నిర్మించెను. అవి కొలనులో నిలిచి నీటిని చిమ్ముచు, తోడుచు, చిలుకుచుండును. నటులు పోయిరి, రంగమునకు నటన పోలేదు. ఇది నాశనము గాదు, జీర్ణోద్ధరణమే.

మనవారికిని ఈ విద్య క్రొత్తది కాదు. భోజరాజకృతమగు సమరాంగణసూత్రధారమున 31వ యధ్యాయము యంత్రములను గూర్చినది. మంచి యంత్రమునకు కూర్పు పొసగవలెననియు, చప్పుడు కూడదనియు, చప్పుడే ప్రయోజనమైనచో నది మెండుగ నుండవలెననియు అందు చెప్పబడినది.

పిమ్మట గడియారమును బాగుచేయువానికడకు గొనిపోయితిమి. అతడు మొదట స్ప్రింగు బిగువును మెల్లగా సడలించెను. అట్లు చేయక విప్పినచో నది యెగసి చేతులను గాయపరచును. పిదప లోపల రెండు చక్రశ్రేణులను చూపెను. కాలమును చూపు శ్రేణిలో వెనుక స్ప్రింగు తెగినప్పుడు పండ్లు విరిగినవి. అట్టి చక్రము దొరకదనెను. గంటకొట్టు శ్రేణి చెడలేదు. దాని కొననున్న చిన్నరేకు గాలినెదిరించుచు తిరిగి వేగము నణచును. అది లేనిచో గంటలన్నియు నొక్కపెట్టున మ్రోగిపోవును.

అప్పుడు నాకొక నియమము తోచినది: బాగుపడుదానిని బాగుచేయవలెను, బాగుపడనిదానికి మాత్రమే వేరుజన్మ మీయవలెను. మనుమని బిలిచి యనుజ్ఞ నిచ్చితిని, గంటను మాత్రము తీయవలదంటిని.

ఇప్పుడు సుత్తిని లేపెడి చక్రమే తీగతో నెమలిపురిని లేపి దించుచున్నది. సుత్తి పూర్వమువలెనే గంటను కొట్టుచున్నది. దానివలన వేళ తెలియదు. అయినను ఆ నాదము వినబడినప్పుడెల్ల మా తండ్రిగారు బడికి వేళయైనదని నన్ను పిలిచినట్లే యుండును.

మీ యిండ్లలోని ప్రాతవస్తువులను తూకమునకు వేయుటకు ముందొకసారి విప్పి చూడుడు. సెలవు.