గడిలో బడి, తెరమీద గడి
(స్వర్ణోత్సవ సభలో ఒక పూర్వ విద్యార్థి చేసిన ప్రసంగ పాఠం)

 

సినిమా గురించి నాలుగు మాటలు చెప్పమన్నారు. నేను చూసినవాటిలో మన బడితో ముడిపడ్డ సినిమా ఒకటే. అది బి. నర్సింగరావు గారి ‘దాసి’.

మొదటి బ్యాచ్‌ల వాళ్లకు గుర్తుండే ఉంటుంది. కొత్త భవనం వచ్చేదాకా మన తరగతులు ఊరి పాత గడిలోనే జరిగేవి. మా అవ్వ నన్ను రోజూ అక్కడిదాకా తీసుకొచ్చేది. పెద్ద దర్వాజ మాత్రం దాటేది కాదు. “నువ్వు పో బిడ్డా” అని బయటే ఆగిపోయేది. ఎందుకని అడిగితే మాట మార్చేది.

నర్సింగరావు గారు చిత్రకారుడు, కవి. గౌతమ్ ఘోష్ దర్శకత్వంలో ‘మా భూమి’ నిర్మించి సినిమాల్లోకి వచ్చారు. 1983లో ‘రంగుల కల’కు తానే దర్శకత్వం వహించి, అందులో చిత్రకారుడి పాత్ర వేశారు. తన బొమ్మలకూ బస్తీ జనం బతుకులకూ మధ్య ఉన్న దూరం ఆ చిత్రకారుణ్ణి నిలవనివ్వదు. 1988లో ‘దాసి’, 1990లో వలస కూలీల మీద ‘మట్టి మనుషులు’ వచ్చాయి. ఆయన తీసినవి వేళ్ల మీద లెక్కపెట్టేన్నే. మార్కెట్ కోసం కథ మార్చలేదు, పాటలు ఇరికించలేదు.

కాలేజీ రోజుల్లో హైదరాబాదులో ఫిల్మ్ సొసైటీ వాళ్లు వేస్తే ‘దాసి’ చూశాను. దొరసానితోపాటు గడికి వచ్చిన దాసి కమలాక్షిగా అర్చన నటించారు. అందులో మాటలు చాలా తక్కువ. ఊడ్చడం, నీళ్లు మోయడం, పిలుపు కోసం ఎదురుచూడడం, ఇవే ఎక్కువసేపు కనిపిస్తాయి. మొదట్లో విసుగనిపించింది. కాసేపటికి తెలిసింది, ఆ విసుగే ఆమె బతుకని. దొర వల్ల వచ్చిన కడుపును కూడా ఉంచుకునే హక్కు ఆమెకు లేదు. ఎక్కడా ఉపన్యాసం ఉండదు. ఏ.కె. బీర్ కెమెరా, వైకుంఠం కళాదర్శకత్వం, అర్చన నటన, మూడింటికీ జాతీయ అవార్డులు వచ్చాయి. ఉత్తమ తెలుగు చిత్రం కూడా అదే.

సెలవులకు ఇంటికి పోయి అవ్వకు ఆ కథ చెప్పాను. చాలాసేపు ఊరుకొని, “ఆ పిల్ల పేరేంది?” అని అడిగింది. కమలాక్షి అన్నాను.

“మంచి పేరు. ఆ గడిల మమ్మల్ని పేరుపెట్టి పిలిచినోళ్లు లేరు బిడ్డా” అన్నది.

అంతకుమించి చెప్పలేదు. నేనూ అడగలేదు. అడగనందుకు ఇప్పటికీ బాధగానే ఉంది.

అదే గడిలో సార్లు హాజరు పట్టీ తెరిచి రోజూ నా పేరు పిలిచారు. నేను “ఉన్నాను సార్” అన్నాను. ఈ బడి మా ఇంటికి ఇచ్చిందేమిటని ఎవరైనా అడిగితే, ముందు అదే చెబుతాను.

మీ ఇళ్లలో పెద్దవాళ్లు ఇంకా ఉంటే, ఈ పండగ అయ్యాక వాళ్ల దగ్గర కూర్చోండి. అడగండి, రాసిపెట్టండి. నాలాగా ఆలస్యం చేయకండి.