తకరజుకా రంగమున కొమురం భీము



చార్మినారు చెంతనున్న చౌమహల్లా ఒకప్పుడు నిజాముల దర్బారు. ఆ నిజాము ప్రభుత్వము నెదిరించి 1940లో జోడేఘాటున నేలకొరిగిన గోండువీరుడు కొమురం భీము. అతని పేరిటి పాత్రగల ‘ఆర్.ఆర్.ఆర్.’ చలనచిత్రము 2022 అక్టోబరులో జపానున విడుదలయ్యెను. 2024 జనవరిలో తకరజుకా సమాజమువారు దానిని సంగీతనాటకముగా ప్రదర్శించిరి. 1914లో తొలి ప్రదర్శనమిచ్చిన ఆ సమాజమున నటులందరును స్త్రీలే; భీము వేషము ధరించినదియు స్త్రీయే. మన స్థానం నరసింహారావుగారు స్త్రీపాత్రలతో ఆంధ్రులను మురిపించిరి. అచ్చట స్త్రీలు వీరపురుషులై మెప్పించుచున్నారు.

అయినను చిత్రకథ కల్పితము. అందలి భీము ఢిల్లీలో ఆంగ్లేయులతో పోరెను. నిజమగు భీము నీటికై, అడవికై, భూమికై పోరెను. కల్పనను పరదేశీయులు మెచ్చుట మనకు సంతోషమే. నిజమును చెప్పు బాధ్యత మాత్రము మనది. భీమునిగూర్చి యడుగుచు జపానీయుడెవడైన పాతబస్తీకి వచ్చినచో, చార్మినారును చూపి యూరకుండక, జోడేఘాటు త్రోవను సైతము చూపుదము గాక!