ఆపరేషను పిమ్మట పెద్దల మతి



బెంగాల్ నాగపూర్ రైల్వే నాట ఖరగ్‌పూరు వర్క్‌షాపు పనికై వచ్చిన తెలుగువారి సంతతి ఖరిదాలో నేటికిని కలదు. అట్టి యింట ఒక విశ్రాంత కార్మికునకు తుంటియెముక విరిగి ఆపరేషను జరిగినదనుకొనుడు. రెండవనాటి రాత్రి ఆయన కన్నకొడుకును పోల్చుకొనలేడు. సైరను మ్రోగినదని మంచము దిగబోవును. ఇంటివారు పిచ్చి యెత్తినదని విలపింతురు.

ఇది పిచ్చి కాదు. బెడ్‌ఫర్డ్ అను ఆంగ్ల వైద్యుడు 1955లోనే దీనిని గూర్చి వ్రాసెను. ఈ తికమక పెక్కుమందికి కొలది దినములలో సర్దుకొనును. జ్ఞాపకశక్తి తగ్గుట మాత్రము కొందరికి నెలల తరబడి నిలుచును. 60 ఏండ్లు, అంతకు పైబడిన 1,218 మందిని పరీక్షించి 1998లో ప్రకటించిన అంతర్జాతీయ పరిశోధనలో, వారమునకు నూటికి 26 మందియందు, మూడు నెలలకు 10 మందియందు ఈ లోపము కనబడెను. మత్తుమందొక్కటే దోషి కాదు. వయస్సు, శస్త్రచికిత్స వలని వాపు, అంటురోగము, నిద్రలేమి కూడ తోడగును.

కావున మునుపే మతిమరుపున్నచో వైద్యునకు ముందుగ తెలుపవలెను. హఠాత్తుగ తికమక కలిగినచో దాచరాదు. కండ్లజోడు, వినికిడియంత్రము వెంటనే అందీయవలెను. రాత్రి నిద్ర పట్టనీయవలెను. బెంగాలీలోనో హిందీలోనో అడిగిన ప్రశ్నకు తడబడిన వృద్ధుడు తెలుగున అడిగిన సరిగా బదులు చెప్పవచ్చును. ఆయన ప్రక్కన తెలుగు మాటాడు మనిషి యొకరు కూర్చుండుట చికిత్సలో భాగమే.