బ్రతుకుదెరువు పోయినప్పుడు పరిహారమునకు త్రోవ



ఇల్లు కాలినవానికి ఊరంతయు తోడు వచ్చును. బ్రతుకుదెరువు పోయినవాని కష్టము మాత్రము గడప దాటి బయటికి రాదు. మల్యాల, జగిత్యాల, కోరుట్ల, సిరిసిల్ల ప్రాంతములలో పెక్కు కుటుంబములకు సేద్యము, మగ్గము, బీడీ, గల్ఫు వలస ఆధారములు. ఇతరుల అన్యాయమువలన ఆ ఆధారము తెగిపోయినచో దానిని తలవ్రాత యనవలెనా, హక్కునకు కలిగిన భంగమనవలెనా?

1985లో ఓల్గా టెల్లిస్ కేసునందు సర్వోన్నత న్యాయస్థానము దీనికి సమాధానము చెప్పినది. రాజ్యాంగము 21వ అధికరణములోని జీవించు హక్కునందే జీవనోపాధి హక్కు ఇమిడియున్నదని తీర్పు. అయినను బొంబాయి కాలిబాటలపై నివసించువారిని తొలగింపవలదని శాసింపలేదు. వర్షాకాలము ముగియువరకు ఆగుమన్నది. హక్కును గుర్తించుట వేరు, దాని ఫలమును చేతికందించుట వేరు.

ఆ ఫలము పొందుటకు ఒక త్రోవ 1993 నాటి మానవ హక్కుల పరిరక్షణ చట్టము. దాని క్రింద జాతీయ కమిషను ఆ యేటనే ఏర్పడినది. తెలంగాణ రాష్ట్ర కమిషను 2019లో ఏర్పడినది. ప్రభుత్వోద్యోగి హక్కును భంగపరచినను, భంగము కాకుండ కాపాడుటలో అశ్రద్ధ చేసినను కమిషను విచారింపవచ్చును. సాక్షులను పిలిపించుటకు, పత్రములను తెప్పించుటకు సివిలు కోర్టునకు గల అధికారములు దానికి కలవు. విచారణ పిమ్మట, బాధితునకుగాని అతని కుటుంబమునకుగాని పరిహారమిమ్మని ప్రభుత్వమునకు సిఫారసు చేయవచ్చును.

ఇందుకు గుజరాతు ఉదంతము తార్కాణము. మధ్యప్రదేశములోని ఝాబువా, అలీరాజ్‌పూర్ ప్రాంతముల గిరిజనులు కూలికై వలసపోయి, గుజరాతులో పలుగురాళ్లను పొడిచేయు ఫ్యాక్టరీలలో పనిచేసిరి. ఆ ధూళి ఊపిరితిత్తులలో చేరి సిలికోసిస్ అను వ్యాధి వచ్చినది. అది కుదురు రోగము కాదు; మొదట పనిచేయు సత్తువ పోవును, పిదప ప్రాణము పోవును. మృతులైన 238 మంది కుటుంబములకు తలకు 3 లక్షల రూపాయల వంతున గుజరాతు ప్రభుత్వము చెల్లింపవలెనని 2010లో జాతీయ కమిషను సిఫారసు చేసినది. ఆ సొమ్ము చెల్లింపుమని సర్వోన్నత న్యాయస్థానము ఆదేశించినది 2016లో. కూలివాండ్రు గెలిచిరి, కాని నడుమ అయిదేండ్లకు పైగా గడచినవి. కమిషను మాట సిఫారసే గాని డిక్రీ కాదు. ప్రభుత్వము వినకున్నచో ఉన్నత న్యాయస్థానమునైనను, సర్వోన్నత న్యాయస్థానమునైనను ఆశ్రయింపవలసియుండును.

ఈ త్రోవకు హద్దులును కలవు. సంఘటన జరిగిన సంవత్సరములోపల ఫిర్యాదు చేరవలెను. కోర్టు విచారణలోనున్న వ్యవహారమును కమిషను సాధారణముగా చేపట్టదు. ఇద్దరు వ్యక్తుల నడుమ అప్పు తగవు దాని పని కాదు. గల్ఫులోని యజమానిని పిలిపించు అధికారమును దానికి లేదు. అట్టివారు భారత రాయబార కార్యాలయమును, ఇచ్చటి ఏజెంటు మోసగించినచో 1983 నాటి ఎమిగ్రేషన్ చట్టము క్రింది అధికారులను ఆశ్రయింపవలెను. ఏ గడపకు పోవలెనో తెలియక కాలము గడుపుటవలననే పెక్కు న్యాయమైన కోరికలు గడువు దాటిపోవును.

ఫిర్యాదునకు రుసుము లేదు, వకీలు అక్కరలేదు. జాతీయ కమిషనునకు తెలుగులోనే వ్రాయవచ్చును. ఏమి జరిగినది, ఎప్పుడు, ఎచ్చట, ఏ అధికారికి ముందుగా విన్నవించినది, ఎంత నష్టము కలిగినది అనునవి వరుసగా నుండిన చాలును. కూలి చీటి, ఆసుపత్రి కాగితము, అర్జీ నకలు, రసీదు — ఇవియే పేదవాని సాక్షులు. వానిని చూరులో చెక్కి చెదలపాలు చేయరాదు.

పాతికేండ్లు నిండిన ఈ గ్రంథాలయమునకు ఇకమీది పని ఇందే కనబడుచున్నది. చదువు వచ్చినవారు వారమున కొక సాయంకాలము ఇచ్చట కూర్చుండి, చదువు రానివారి అర్జీలను వ్రాసి, తిరిగి చదివి వినిపించి, నకలు నొకదానిని భద్రపరచినచో, గడువులోపల చేరిన ఒక్క కాగితము ఒక కుటుంబమును నిలుపవచ్చును.